బడ్జెట్టు చూసి కెమెరామన్‌ను కొలుస్తారా?

విజయవాడ గాంధీనగర్‌లో సినిమా పంపిణీ ఆఫీసుల చుట్టూ తిరిగేవాళ్లకీ, హైదరాబాదులో కథలు వినే నిర్మాతలకీ, పత్రికల్లో సమీక్షలు రాసేవాళ్లకీ వంద విషయాల్లో పేచీ ఉండొచ్చు గానీ ఒక్కదాంట్లో మాత్రం లేదు. కెమెరామన్ జీవితం ఒక నిచ్చెన అని అందరూ నమ్ముతారు. అడుగు మెట్టు పెళ్లి వీడియో, దానిమీద షార్ట్ ఫిల్మ్, ఆపైన చిన్న సినిమా. దాన్ని చూసి ఒక మోస్తరు హీరో పిలిస్తే ఇంకో మెట్టు. చిట్టచివర వందల కోట్ల సినిమా. పైదాకా ఎక్కినవాడు గెలిచాడు, మధ్యలో ఆగినవాడికి అదృష్టం లేదు, చిన్న సినిమాలే తీస్తానన్నవాడు చేతకాక ఆ మాట అంటున్నాడు. ఇదీ లోకాభిప్రాయం. ఇది తప్పని, తప్పుతోపాటు మన సినిమాకీ మన కుర్రాళ్లకీ హాని చేస్తోందని నా వాదన.

ఈ నమ్మకం ఎంత లోతుగా నాటుకుందో చూడాలంటే ఏ సమీక్షయినా తీసి చదవండి. కెమెరాకు దక్కేది ఒక్క వాక్యం. పెద్ద సినిమా అయితే ‘విజువల్స్ రిచ్‌గా ఉన్నాయి’. చిన్న సినిమా అయితే ‘ఉన్న బడ్జెట్‌లో కెమెరా పనితనం బాగుంది’. మొదటిది మెప్పు, రెండోది జాలి. వెలుగు ఎటునుంచి పడింది, ముఖంలో ఏ సగాన్ని చీకట్లో వదిలారు, ఫలానా చోట కెమెరా ఎందుకు కదలకుండా నిలబడింది అన్న ప్రశ్న రెండింట్లోనూ ఉండదు. నిర్మాత జేబు గురించి రాసి, కెమెరామన్ గురించి రాశామనుకుంటున్నారు.

సరే, పురస్కారాల లెక్కతోనే మొదలుపెడదాం. 2024 తెలుగు చిత్రాలకు తెలంగాణ ప్రభుత్వం గద్దర్ అవార్డులు ఇచ్చింది. ఉత్తమ చిత్రం ‘కల్కి 2898 ఏడీ’. ఉత్తమ దర్శకుడు దాన్ని తీసిన నాగ్ అశ్విన్. ఆ ఏడాది ఖర్చులో ముందువరసన నిలిచిన సినిమా అది. ఉత్తమ ఛాయాగ్రాహకుడి అవార్డు మాత్రం ‘గామి’ తీసిన విశ్వనాథ్ రెడ్డికి వెళ్లింది. జనం దగ్గర చందాలు పోగుచేసి మొదలుపెట్టి, ఏళ్ల తరబడి ఆగుతూ సాగుతూ పూర్తయిన సినిమా అది. ఒకే జ్యూరీ, ఒకే ఏడాది. ఉత్తమ చిత్రం ఒకటి, ఉత్తమ ఛాయాగ్రహణం ఇంకొకటి. ఖర్చే కొలత అయితే ఈ తీర్పు ఎలా వచ్చింది?

వెనక్కి వెళ్తే ఇంకా గట్టి సాక్ష్యం దొరుకుతుంది. బాపు తీసిన ‘ముత్యాల ముగ్గు’కు 1975 చిత్రాల్లో రంగుల ఛాయాగ్రహణానికి జాతీయ అవార్డు వచ్చింది. కెమెరా పట్టినవాడు ఇషాన్ ఆర్య. తెలుగులోకి రాకముందు ఆయన చేసిన సినిమా ‘గరం హవా’. ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చిన చిన్న రుణంతో ఎం.ఎస్.సత్యు తీసిన చిత్రమది. ఆర్య అందులో కెమెరామనూ నిర్మాతల్లో ఒకడూ. 1988లో బి.నర్సింగరావు తీసిన ‘దాసి’కీ ఛాయాగ్రహణంలో జాతీయ పురస్కారం వచ్చింది. అది ఎ.కె.బీర్ పని. దొర గడీ లోపల బతికే ఒక దాసి కథ. ఆ గడీలో ఎంత వెలుగు ఉంటుందో అంతే ఉంచి, మిగతా చీకటిని చీకటిగా చూపించడానికి ధైర్యం కావాలి. ఆ ధైర్యాన్ని ఏ జనరేటర్ వ్యానూ అద్దెకు తేలేదు.

జ్యూరీలకు చిన్న సినిమాలంటే పక్షపాతం, కాబట్టి అవార్డులు సాక్ష్యం కావని కొందరంటారు. సరే, అవార్డులు పక్కన పెట్టి పనినే చూద్దాం.

కెమెరామన్ పని నాలుగైదు నిర్ణయాలు. వెలుగు ఎక్కడి నుంచి రావాలి. ఏది కనపడాలి, ఏది కనపడకూడదు. కెమెరా ఎంత ఎత్తున, ఎంత దూరాన ఉండాలి. ఎప్పుడు కదలాలి. ఏ గంటలో తీయాలి. ఈ నిర్ణయాల్లో ఒక్కటి కూడా డబ్బు తీసుకోదు. డబ్బు ఇచ్చేది వేరు. రెండోసారి తీసే వీలు ఇస్తుంది, క్రేన్ ఇస్తుంది, లైట్‌మెన్ సంఖ్య పెంచుతుంది, వాన పడితే షెడ్యూల్ రేపటికి జరుపుతుంది. ఇవి గొప్ప వసతులే. కానీ వసతిని చూపు అనుకోవడం దగ్గరే ఈ నమ్మకం దారి తప్పింది.

ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర సంగతి సినిమా చదువుకున్న వాళ్లందరికీ తెలుసు. ‘పథేర్ పాంచాలి’కి పని మొదలుపెట్టినప్పుడు ఆయన వయసు ఇరవై ఒకటి. అంతకుముందు సినిమా కెమెరా పట్టలేదు. తర్వాతి సినిమా ‘అపరాజితో’లో కాశీలోని ఇంటి ముంగిలిని కలకత్తా స్టూడియోలో సెట్ వేయాల్సి వచ్చింది. నడినెత్తిన ఆకాశం ఉన్న ముంగిలిలో నీడలుండవు. స్టూడియో దీపాలు నేరుగా వేస్తే నీడలు పడతాయి. అందుకని పైన తెల్లగుడ్డ కట్టి, దీపాల్ని దానిమీదికి తిప్పి, ఆ గుడ్డ నుంచి తిరిగొచ్చే మెత్తని వెలుగులో తీశారు. డబ్బు లేక అలా చేశాడని, ఉంటే అందరిలాగే చేసేవాడని అనేవాళ్లున్నారు. అలాగైతే చేతిలో డబ్బున్న పరిశ్రమలు అదే పద్ధతిని ఎందుకు పట్టుకున్నాయి? ఇవాళ ఏ కోట్ల సెట్టుకు వెళ్లినా థర్మోకోల్ షీట్లూ తెల్లగుడ్డలూ పట్టుకుని మనుషులు నిలబడి ఉంటారు. పేద సినిమా కనిపెట్టిన వెలుగులో పెద్ద సినిమా బతుకుతోంది.

నిచ్చెన సిద్ధాంతులకు ఇష్టమైన ఉదాహరణ కె.కె.సెంథిల్ కుమార్. హైదరాబాదువాడు, పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివాడు. 2003లో చంద్రశేఖర్ యేలేటి ‘ఐతే’తో మొదలుపెట్టి, రాజమౌళితో ‘సై’, ‘ఛత్రపతి’, ‘మగధీర’, ‘ఈగ’, రెండు ‘బాహుబలి’లు, ‘ఆర్ఆర్ఆర్’ దాకా వచ్చాడు. చూడండి, చిన్న సినిమాతో మొదలై ఎంత పైకి ఎక్కాడో అంటారు. నేను అదే ఉదాహరణను తీసుకుని అడుగుతాను. కొత్త ముఖాలతో, కొద్ది ఖర్చుతో తీసిన ‘ఐతే’ను ఇవాళ మళ్లీ చూడండి. దాని కెమెరాలో తడబాటు ఎక్కడుంది? సినిమా చిన్నదే, పని మాత్రం పూర్తి పని. ఇక ‘ఈగ’ సంగతి. కథానాయకుడు ఈగ, అది సెట్లో ఉండదు, తర్వాత కంప్యూటర్లో పుడుతుంది. లేని ప్రాణికి ముందే వెలుగు పెట్టుకోవాలి. దాని కంటి ఎత్తున ఒక గది, ఒక గ్లాసు, ఒక మనిషి చెయ్యి ఎంత పెద్దగా ఉంటాయో ఊహించాలి. ఇది పూర్తిగా చూపుకు సంబంధించిన పని. ఆ చూపు ‘బాహుబలి’ బడ్జెట్‌తో పాటు వచ్చిందనడం ఆయనకే అవమానం.

పెద్ద సినిమాను తక్కువ చేసే ఉద్దేశం నాకు లేదు. వెనక నీలంగుడ్డ తప్ప ఏమీ లేని చోట, ఎన్నో నెలల తర్వాత రాబోయే కోటకీ జలపాతానికీ సరిపోయేలా ఇవాళ నటుడి భుజంమీద వెలుగు వేయడం చాలా కష్టమైన విద్య. అయితే ఆ విద్య వల్ల కెమెరామన్‌కు స్వేచ్ఛ పెరుగుతుందన్న మాట నిజం కాదు. ఫైటు మీద మూడు కెమెరాలు ఒకేసారి తిరుగుతుంటే వెలుగు మూడింటికీ సరిపోవాలి, అంటే దేనికీ నూటికి నూరుపాళ్లు సరిపోదు. హీరో కాల్‌షీట్ మధ్యాహ్నం దొరికితే ఉదయపు సన్నివేశాన్ని మధ్యాహ్నమే తీయాలి. గ్రాఫిక్స్ బృందం అడిగిన కోణం ఇవ్వాలి. చివరి రంగు, కంప్యూటర్లో రంగులు దిద్దే డీఐ గదిలో నలుగురి మధ్య తేలుతుంది. ఇంతమంది నిర్ణయాల మధ్య తన నిర్ణయాన్ని నిలబెట్టుకోగలిగినవాడే గొప్పవాడు, ఆ మాటకొస్తే సెంథిల్ గొప్పతనం అదే. చిన్న సినిమాలో ఆ నిర్ణయాలు చాలామటుకు కెమెరామన్ చేతిలోనే ఉంటాయి, తప్పొప్పులతో సహా.

జీవితాన్ని నిచ్చెనగా చూసేవాళ్లు ఛాయాగ్రాహకుడు ఎం.వి.రఘును ఏ మెట్టుమీద పెడతారో నాకు అర్థం కాదు. వంశీకి ‘సితార’, ‘అన్వేషణ’ తీశాడు. కె.విశ్వనాథ్‌కు ‘స్వాతిముత్యం’, ‘సిరివెన్నెల’ తీశాడు. అంతా అయ్యాక 1988లో గొల్లపూడి మారుతీరావు నాటకం ‘కళ్లు’ను తానే సినిమాగా తీశాడు. వాళ్ల లెక్కన ఇది పైనుంచి కిందికి దిగడం. సినిమా తెలిసినవాడి లెక్కన, తన కన్ను ఏం చూడాలనుకుందో దాని వెంట నడవడం.

బయటి దేశాల్లోనూ ఇంతే. ఆంథొనీ డాడ్ మాంటల్ 1998లో డేనిష్ చిత్రం ‘ఫెస్టెన్’ను ఇళ్లల్లో వాడుకునే చిన్న డిజిటల్ కెమెరాతో తీశాడు. పదేళ్ల తర్వాత ‘స్లమ్‌డాగ్ మిలియనీర్’కి ఆస్కార్ అందుకున్నాడు. అందులోనూ చిన్న డిజిటల్ కెమెరాలు వాడాడు. మన సంతోష్ శివన్ ‘దిల్ సే’ తీసిన 1998లోనే కొద్దిమంది మనుషులతో ‘ది టెర్రరిస్ట్’ కూడా తీశాడు. ఒకే మనిషి, ఒకే ఏడాది. ఏది పై మెట్టు, ఏది కింది మెట్టు?

ఇక మన ఊరి సంగతికి వస్తాను. నాకు అసలు కోపం ఇక్కడే.

కృష్ణా డెల్టా వెలుగు ఏడాది పొడవునా ఒకేలా ఉండదు. కాలవలకు నీళ్లు వదిలి నాట్లు పడ్డాక, జులై ఆగస్టుల్లో గుడివాడ, పామర్రు పొలాలు అద్దాల్లా ఉంటాయి. గట్టుమీద నిలబడ్డ మనిషి ముఖానికి పైనుంచే కాదు, కిందనుంచీ వెలుగు వస్తుంది. సుబ్రత మిత్ర గుడ్డ కట్టి సాధించినది అక్కడ ఊరికే దొరుకుతుంది. కోతల తర్వాత డిసెంబరు ఉదయాల్లో మంచు విడిచేదాకా కుప్పలకు అంచులుండవు. సంక్రాంతి దాటితే మినప చేల పచ్చదనం వరిపచ్చ కంటే ముదురు. రోహిణి కార్తెలో బెజవాడ ఆకాశం నీలం పోగొట్టుకుని తెల్లబడుతుంది, బ్యారేజీ మీద నడిచే మనిషి నీడ కత్తితో కోసినట్టు పడుతుంది. దివిసీమ వైపు సముద్రం దగ్గరయ్యేకొద్దీ గాలిలోని తేమ దూరపు తాటిచెట్లను బూడిదరంగులోకి తోసేస్తుంది.

మన పెద్ద సినిమాల్లో ఇందులో ఏది కనపడుతోంది? పల్లెటూరంటే ఒకే పచ్చ, ఒకే బంగారు రంగు సాయంత్రం. ఏ నెలో తెలీదు, ఏ ఊరో తెలీదు. గోదావరి ఒడ్డు గ్రామాన్ని హైదరాబాదులో సెట్ వేసి తీసే స్థితికి వచ్చాం. ‘రంగస్థలం’లో రత్నవేలు ఆ సెట్టును బతికించాడు, అది ఆయన ప్రతిభ. కానీ ప్రతి పల్లెనూ సెట్టే చేసి, ప్రతి ఎండనూ డీఐలో ఒకే తేనెరంగులో ముంచితే, డెల్టాలో పుట్టిన ప్రేక్షకుడు తన ఊరి వెలుగును తెరమీద ఎప్పుడు చూస్తాడు?

చూపించింది చిన్న సినిమాలే. 2020లో వచ్చిన ‘కలర్ ఫొటో’ కథ మచిలీపట్నంలో జరుగుతుంది. నల్లగా ఉన్న కుర్రాడు తెల్లగా ఉన్న అమ్మాయిని ప్రేమించడం, ఆ రంగు మీద లోకం చూపే చులకన, ఇదే విషయం. మన సినిమాల్లో హీరో ముఖం మీద ముందునుంచి వెలుగు పోసి, తర్వాత రంగు దిద్ది, ఏ చర్మాన్నయినా ఒక మెట్టు తెల్లగా చేయడం అలవాటు. ఆ అలవాటుతో ఈ కథ తీస్తే కథే చచ్చిపోయేది. ఛాయాగ్రాహకుడు వెంకట్ ఆర్. శాఖమూరి కథానాయకుడు సుహాస్ ముఖాన్ని ఉన్న రంగులో ఉంచాడు. నలుపు కాంతిని ఎలా పట్టుకుంటుందో తెలిసినట్టు ఉంచాడు. ఆ ఏడాది ఉత్తమ తెలుగు చిత్రంగా దానికి జాతీయ అవార్డు వచ్చింది. వరుణ్ చాఫేకర్, ఆదిత్య జవ్వాది తీసిన ‘కేరాఫ్ కంచరపాలెం’లో విశాఖ సందులు, సన్నీ కూరపాటి తీసిన ‘మిడిల్ క్లాస్ మెలొడీస్’లో గుంటూరు వీధులు కూడా అలాగే ఉన్నవి ఉన్నట్టు వచ్చాయి. పేరుపేరునా ఊళ్లు గుర్తుపట్టగలిగే తెలుగు సినిమాలు ఇవి.

మళ్లీ పెళ్లి వీడియో దగ్గరకు రావాలి. అడుగు మెట్టు అని చులకన చేసే ఆ పని ఏమిటో చూద్దాం. కల్యాణ మంటపంలో పైన పసుపు బల్బులు, పక్కన తెల్ల ఎల్ఈడీలు, వెనక రంగురంగుల సీరియల్ సెట్లు, హోమం పొగ. జీలకర్ర బెల్లం పెట్టే క్షణం ఒక్కసారే వస్తుంది. రెండో టేకు లేదు. పురోహితుడు పక్కకు జరగడు, మేనమామ కెమెరాకు అడ్డం వస్తాడు, అమ్మాయి తల్లి కళ్లు తుడుచుకునేది సరిగ్గా అప్పుడే. ఆ గందరగోళంలో ఎక్కడ నిలబడాలో, ఏ లెన్సు పెట్టుకోవాలో, ఎవరి ముఖాన్ని పట్టుకోవాలో క్షణంలో తేల్చుకునే కుర్రాడికి ఇవాళ సినిమా స్కూళ్లు నేర్పలేని విద్య చేతిలో ఉంది. బెజవాడ చుట్టుపక్కల అలాంటివాళ్లు చాలామంది ఉన్నారు. వాళ్లకు మనం చెప్పేదల్లా ఏమిటంటే, ఇది అసలు పని కాదు, హైదరాబాదు వెళ్లు, ఎవరి దగ్గరైనా అసిస్టెంటుగా పదేళ్లు ఫోకస్ లాగు, తర్వాత చూద్దాం అని. ఆ పదేళ్లలో కొందరు నిజంగా నేర్చుకుంటారు. చాలామంది సొంత చూపు పోగొట్టుకుని, ఇంకొకరి ఫ్రేమును అచ్చుగుద్దడం నేర్చుకుంటారు.

ఇక్కడ ఒక మాట ఒప్పుకోవాలి. ఖర్చు తక్కువ కావడమే గొప్ప అని నేననడం లేదు. విజయవాడ సిద్ధార్థ ఇంజనీరింగ్ కాలేజీలో చదివిన రాంగోపాల్ వర్మ, ఎస్.గోపాలరెడ్డి కెమెరాతో ‘శివ’ తీసి 1989లో తెలుగు సినిమా కదలికనే మార్చాడు. అదే వర్మ 2011లో ‘దొంగల ముఠా’ను కొద్దిమంది మనుషులతో, కానన్ 5డీ స్టిల్ కెమెరాలతో, ఐదు రోజుల్లో ముగించాడు. వార్తగా అది మిగిలింది గానీ కెమెరా పనిగా మిగల్లేదు. చవక కూడా ఖరీదు లాంటిదే, చూపుకు బదులు కాలేదు.

ఖరీదు వైపు నుంచీ చూడాలంటే ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్‌లీని చూడండి. ‘మాయాబజార్’ ఆ రోజులకు భారీ సినిమా. అయినా 1957 నుంచి ఇప్పటిదాకా జనం తలుచుకునేది వెన్నెల్లో పడవను. నలుపు తెలుపులో, మద్రాసు పరిసరాల్లో, సెట్టులో ఆయన పుట్టించిన వెన్నెల అది. నిర్మాతలు నాగిరెడ్డీ, మన డెల్టాలోని తెనాలికి చెందిన చక్రపాణీ ఆయనకు వసతులిచ్చారు. వెన్నెల మాత్రం ఆయన ఇచ్చాడు. అదే బార్ట్‌లీ ‘చెమ్మీన్’ కోసం కేరళ ఒడ్డుకు వెళ్లి జాలరి గుడిసెల ఎండను రంగుల్లో పట్టాడు.

ఇక డబ్బు. చిన్న సినిమా సరిగా డబ్బివ్వదు, సినిమా అమ్ముడుపోయాక ఇస్తామంటారు, అమ్ముడుపోదు. ఆకలితో కళ చేయమంటావా అని అడుగుతారు. ఇది నిజమైన ప్రశ్న, దీన్ని దాటవేయను. 2025 ఆగస్టులో తెలుగు సినీ కార్మికులు 30 శాతం వేతన పెంపు కోరుతూ షూటింగులు ఆపేశారంటే పెద్ద సినిమాల పరిశ్రమలోనే రోజుకూలీ ఎంత ఇరుకుగా ఉందో తెలుస్తుంది. ఇక స్వతంత్ర చిత్రంలో కెమెరామన్ సొంత కెమెరా, సొంత లెన్సులు, సొంత బైకు పెట్రోలు పెట్టుకుని పని చేస్తున్నాడు. కానీ ఈ వాదన నుంచి రావాల్సిన ముగింపు చిన్న సినిమా పనివాళ్లకు రాతపూర్వక ఒప్పందం, సమయానికి కూలి ఉండాలన్నది. డబ్బు తక్కువ వచ్చింది కాబట్టి పని కూడా తక్కువదన్నది కాదు. కూలి ఎగ్గొట్టినవాడి తప్పును పనివాడి మీద వేయడం ఏ న్యాయం?

మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య మద్రాసులో ఫొటోగ్రాఫరు. ఫొటోలు తీసే వృత్తిలోంచే కదిలే బొమ్మల ప్రదర్శనకు, అక్కడినుంచి ‘భీష్మ ప్రతిజ్ఞ’కు వచ్చాడు. తెలుగు సినిమాకు పితామహుడని మనం చెప్పుకునే మనిషి మొదట కెమెరా పట్టినవాడు. ఆయన పేరిట 1980లో అవార్డు పెట్టుకున్నాం. ఆ వృత్తిలో ఉన్నవాళ్లకు చేస్తున్నదేమిటి?

సమీక్షకులను అడుగుతున్నాను, కెమెరామన్ పేరు రాయండి, అతను చేసిన ఒక్క నిర్ణయమైనా రాయండి. పంపిణీదారులను అడుగుతున్నాను, చిన్న సినిమా పోస్టరు మీద ఆ పేరు చదవగలిగేంత పెద్దగా వేయండి. నిర్మాతలు, మొదటి రోజు షూటింగుకు ముందే ఒప్పందం మీద సంతకం పెట్టండి. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2014, 2015, 2016 సంవత్సరాల నంది అవార్డులను 2017 నవంబరులో ప్రకటించింది, ఆ తర్వాత చాలాకాలం వాటి ఊసే లేకుండా పోయింది. వాటిని మళ్లీ ఇచ్చేటప్పుడు ఛాయాగ్రహణం తేల్చే జ్యూరీలో తప్పనిసరిగా ఛాయాగ్రాహకులనే కూర్చోబెట్టండి, సినిమా ఖర్చెంతో వాళ్లకు చెప్పకండి.